గాలి మారిందనే చాచా

ముందే చెబుతున్నాను, నాకు పిల్లిని పులిగా చెప్పే జబ్బుంది. సగం కొట్టేసి చదువుకోండి.

సౌదీలోని యాన్బులో మా తెలుగువాళ్ల శుక్రవారం కచేరీకి వాయిద్యకారుడు ఒక్కడే, కడప నుంచి వచ్చిన ట్యాంకర్ డ్రైవర్ చాచా. ఖాళీ నీళ్ల క్యాన్ మీద ఆయన దరువేస్తే ఎర్రసముద్రం వెనక్కి జరిగేది. పాటల మధ్యలో పిల్లలకు ఆర్మడిల్లో కథ చెప్పేవాడు. వీపున పెంకుండే ఆ జంతువుకు పాటంటే ప్రాణం, కానీ గాలి మారితే బంతిలా ముడుచుకుంటుంది. అక్కడికి రాగానే దరువాపి చెవి రిక్కించేవాడు.

"ఉండండ్రా, గాలి మారిండాది."

పిల్లలు బిగుసుకుపోయేవారు. ఆయన పకపకా నవ్వి మళ్లీ దరువేస్తే ఆర్మడిల్లో విచ్చుకుని పాడేది.

ఒక శుక్రవారం దరువాపాడు గానీ నవ్వలేదు. కిటికీ అవతల ఆకాశం ఇటుక రంగుకు తిరిగింది. అంతలో ఆయన ఫోను మోగింది. జిజాన్‌కు లోడు తీసుకెళ్లాలట, ఇప్పుడే.

"ఈ గాలిలో యాడికి చాచా?" అన్నాను ఆయన యాసలోనే.

"వీసా ఇచ్చి పనిలో పెట్టుకున్న కఫీల్ పొమ్మన్నాక పోకుంటే ఎట్లప్పా?"

"మరి ఆర్మడిల్లో పాడలేదే!" అని నా కూతురు ఆయన చొక్కా పట్టుకుంది.

"వచ్చినాంక పాడిస్తాలే తల్లీ" అని క్యాన్ దాని చేతిలో పెట్టాడు.

వీధి మలుపు తిరగకముందే ఇసుక ఆ ట్యాంకర్‌ను మింగేసింది.

మరుసటి శుక్రవారం చాచా ఒంటె పట్టేంత బిర్యానీ గిన్నెతో వచ్చి, క్యాన్ అడిగి తీసుకుని, ఆర్మడిల్లోచేత పాడించాడు.

సముద్రం సంగతి మీ ఇష్టం. నేను పూర్తిగా కల్పించింది మాత్రం ఆ మరుసటి శుక్రవారాన్నే.