కరెంటుగాడికి పడిన బిళ్ళలు

రెండు వేల మూడు, మార్చి నెల. అప్పుడు నేను పర్చూరు దగ్గర ఒక పశువుల ఆసుపత్రిలో అటెండర్ని. మా ఆయన పోయాక ఆయన ఉద్యోగం నాకిచ్చారు. నేను చదివింది ఐదో తరగతి. అక్కడ అందరికీ పైన డాక్టరమ్మ, ఆవిడ కింద కాంపౌండరు, ఆయన కింద నేను, నా కింద చీపురు. అయినా ఏ గేదెకి ఏ నెలలో ఏ సూది పడిందో రిజిస్టరు తెరిచేలోపే చెప్పేదాన్ని.

ఒక రోజు పొద్దున పదింటికి ట్రాక్టరు ట్రక్కు ఒకటి గేటులోకి వచ్చింది. అందులో మిరపకాయలు కోసే ఆడవాళ్ళు ఎనిమిది మంది, రైతు కోటయ్య, ఆయన భార్య సుబ్బులు, తల్లి రాఘవమ్మ. మధ్యలో గోనెపట్టా మీద ఎర్ర కుక్క. పెళ్ళివారిలా దిగారు. కోత ఆపుకుని కుక్క కోసం వచ్చిన కూలీలను అంతకుముందు నేను చూడలేదు.

దాని పేరు కరెంటు. ఎప్పుడొస్తాడో ఎప్పుడు పోతాడో తెలియదని అలా పెట్టారట. కల్లంలో ఎండబోసిన కాయలకు కాపలా వాడే. నాలుగు రోజుల కిందట మోపెడ్ తగిలి కుడి వెనక కాలు వాచింది. ఆ రోజు తెల్లవారుజాము నుంచి తిండి ముట్టలేదు, రెండుసార్లు కక్కాడు.

సిరంజి పట్టుకునే ముందు డాక్టరమ్మ ఎప్పుడూ ఒక ప్రశ్న అడిగేది. ఆ రోజూ అడిగింది, నొప్పి బిళ్ళలేమైనా వేశారా అని.

"అబ్బే, ఒక్కటి కూడా లేదండి. మా అమ్మ తోడు" అన్నాడు కోటయ్య.

ఆవిడ కాలు తడిమి ఎముక విరగలేదంది. నొప్పికీ వాపుకీ మందు సిరంజిలోకి ఎక్కించింది. ఈలోపు నేను పట్టా దులపబోయి ఆగిపోయాను. దాని మీద విరేచనం తారులా నల్లగా ఉంది. అటెండరు డాక్టరు చేతిని ఆపడం పద్ధతి కాదు. అయినా "అమ్మా, ఒక్క నిమిషం" అన్నాను.

అది చూసి ఆవిడ ముఖం మారింది. నల్లగా ఉందంటే కడుపులో నెత్తురు కారుతోందని అర్థం. ఏం పెట్టారో చెప్పమని మళ్ళీ అడిగింది. కోటయ్య మళ్ళీ అమ్మ మీద ఒట్టేశాడు.

నేను ఇంకోలా అడిగాను. "ఏమ్మా, పొద్దస్తమానం వంగి కోస్తున్నారు గదా, నడుం నొప్పి ఎవరికి?"

ఇంకేముంది, కొంగుముడులన్నీ విప్పారు. "ఇదిగో అక్కా, ఈ ఎర్ర బిళ్ళ దేవుడనుకో!" "నీ ఎర్రది ఏం పనిచేసిద్దే, నా పచ్చది చూడు!"

"మరి కరెంటుగాడికి ఎవరు పెట్టారు?"

"పాపం, కుంటుకుంటా నా క్యారేజీ దగ్గరికే వచ్చాడక్కా. పెరుగన్నంలో ఒక్క సగం..." అంది ఒకామె.

"నీ దగ్గరికేనా? నా దగ్గరికీ వచ్చాడే!"

అలా ఐదుగురు తేలారు. సుబ్బులు ముందు రోజు పొద్దున పాలల్లో ఒకటి కలిపిందట. రాఘవమ్మ తన మోకాళ్ళ బిళ్ళ నలిపి పెట్టిందట.

"అత్తయ్యా, మీరూనా!"

"నువ్వేసినట్టు నాకు చెప్పావా ఏంటే?"

కోటయ్య గొంతు సవరించుకున్నాడు. "నేను మాత్రం బిళ్ళ వెయ్యలేదండి. ఊళ్ళో ఆరెంపీ డాక్టరుతో నిన్న ఒక స్టెరాయిడ్ సూది వేయించా. మీరు బిళ్ళలే గదండీ అడిగింది!"

డాక్టరమ్మ ఎక్కించిన మందు పారబోసింది. రంగులు వేరైనా ఆ బిళ్ళలన్నీ ఒకే జాతివని చెప్పింది. వాటిలో రెండు కలిస్తే నొప్పి రెండింతలు తగ్గదు, కడుపులో పుండు పడుతుంది, మూత్రపిండాలు దెబ్బతింటాయి. పైన స్టెరాయిడ్ పడితే మరీ ప్రమాదం. తన సూది కూడా పడి ఉంటే కుక్క దక్కేది కాదంది.

కడుపును ఇలా దెబ్బతీయని వేరే రకం నొప్పి మందు ఇవ్వాలంటే బరువు తెలియాలి. రోడ్డు అవతల మిర్చి వ్యాపారి కాటా ఉంది. కోటయ్య ముందు కుక్కను ఎత్తుకుని ఎక్కాడు, తర్వాత ఒక్కడే ఎక్కాడు. రెండో తూకం వినగానే రాఘవమ్మ, "ఇంత బక్కచిక్కావేందిరా అబ్బాయ్! కోడలు కూడు పెట్టట్లేదా?" అంది. కుక్క పద్దెనిమిది కిలోలు. కొట్లో జనమంతా నవ్వు.

సెలైను, కడుపు పుండుకు సూది, ఆ వేరే మందు తక్కువ మోతాదులో మొదలుపెట్టారు. రెండు రోజులు కరెంటు తల ఎత్తలేదు. కోటయ్య వరండా వదిలి కదల్లేదు, ఆయనకు అన్నం నేనే పెట్టాను.

మూడో రోజు మధ్యాహ్నం నేను క్యారేజీ మూత తీశాను. వెనక చప్పుడైతే తిరిగి చూశాను. కరెంటు లేచి, ఎంతో దీనంగా కుంటుకుంటూ నా దగ్గరికి వస్తున్నాడు. దెబ్బ తగిలింది కుడి కాలికి, వాడు కుంటుతున్నది ఎడమ కాలితో. "ఒరే దొంగ వెధవా!" అని కోటయ్య వేసిన కేకకు డాక్టరమ్మ సహా అందరం పరిగెత్తుకొచ్చాం.

ఆ తర్వాత పదమూడేళ్ళు పనిచేశాను. కుక్క వస్తే మూడు సంగతులు అడిగేదాన్ని: బిళ్ళ పెట్టారా, సూది వేయించారా, ఇంట్లో నొప్పులు ఎవరికున్నాయి. ముందు ఏ మందు పడిందో తెలియకుండా రెండోది వేయకూడదు. తీసుకొచ్చిన మనిషికి తెలిసేది సగమే. మిగతా సగం ట్రక్కులో కూర్చున్నవాళ్ళను ఒక్కొక్కరినీ అడగాలి.