కల్లు దుకాణం మూసిన మూడు రోజులు

నా చిన్నప్పుడు, పొద్దు వాలితే బాపమ్మకు కల్లు తెచ్చే పని నాది. బాపమ్మ అంటే మా నాన్నను కన్నతల్లి. ఖిలా వరంగల్‌లో మా ఇంటి నుంచి దుకాణానికి పది నిమిషాల నడక. మా వైపు పిల్లలకు ఒళ్లు వేడి చేస్తే పెద్దవాళ్లే ఓ గుక్క పట్టేవారు. అందుకే దారిలో నేనొక గుక్క తాగితే తప్పనిపించలేదు. ఆ గుక్క రెండయింది, నాలుగయింది. తగ్గినంత మేర నీళ్లు పోసి ఇచ్చేదాన్ని. పదకొండేళ్ల దానికి ఎన్ని తెలివితేటలో! ఆ కల్లు చెట్టు నుంచి దిగింది కాదని, అందులో మత్తుమందు కలుపుతారని మాత్రం ఆ తెలివికి అందలేదు.

ఒకసారి ఎక్సైజు వాళ్లు వచ్చి దుకాణం మూయించారు. మొదటి రోజు చిరాకు, అంతే. రెండో రోజుకు నిద్ర లేదు, ఒళ్లంతా చెమట, చర్మం మీద చీమలు పాకుతున్నట్టు ఉంది. మూడో రోజు పొద్దున అన్నం ముద్ద నోటిదాకా పోకుండానే చేతిలోంచి జారిపోయింది. గాలి సోకిందని అమ్మ తాయెత్తు కట్టించడానికి తయారైంది. నిజం చెబితే వీపు విమానం మోత. చెప్పకపోతే ఏమైపోతానో తెలియదు. భయంతో మూలకు ముడుచుకున్నాను.

బాపమ్మ గోడకు ఆనుకుని నన్నే చూస్తోంది. దగ్గరకు జరిగి, నా చేయి పక్కన తన చేయి పెట్టింది. రెండూ ఒకే తీరుగా వణుకుతున్నాయి.

"రోజు ఎంత తాగుతానవ్ బిడ్డా?" అని మెల్లగా అడిగింది.

"ఒక్క గుక్కనే."

"ఒక్క గుక్కకు ఇట్ల వణకరు. నాకెర్కలేదా?"

సరిగ్గా అప్పుడే నాన్న వచ్చాడు. తల్లి బాధ చూడలేక నర్సంపేట దాకా పోయి ఒక సీసా కల్లు తెచ్చాడు. దాన్ని చూశాక నాకు ఇంకేమీ కనిపించలేదు. బాపమ్మకూ అది కావాలని తెలుసు. ఆమె అంటే నాకు ప్రాణం. అయినా ఎగబడ్డాను. ఆమె సీసాను ఒళ్లోకి లాక్కుని, రెండో చేత్తో నన్ను ఆపింది. ఆ చేతిని నెత్తురు వచ్చేలా కొరికాను. ఆమె వదల్లేదు. తానూ తాగలేదు. సీసా మూతిని అరచేత్తో మూసి ఏడ్చింది.

"గాలి లేదు గీలి లేదు. ఇది నా కల్లు చేసిన పని. జర రిక్షా పిలువు, దవాఖానకు పోదాం," అని అమ్మతో చెప్పింది.

దవాఖానలో డాక్టరు ముందు సీసా పెట్టి, ఇద్దరి సంగతీ దాచకుండా చెప్పింది. ఉన్నట్టుండి ఆపితే ఫిట్సు కూడా వస్తాయట. ఇద్దరినీ చేర్చుకుని, మందులిచ్చి మెల్లగా దారికి తెచ్చారు. చేతికి ఆ గాయమేమిటని డాక్టరు అడిగినప్పుడు నాకు సిగ్గుతో చచ్చిపోవాలనిపించింది. బాపమ్మ నా తల మీద చేయి వేసి, "నా మనుమరాలు కాదు సారూ, కల్లు కరిచింది," అన్నది.

నేను బయటపడ్డాను. ఆమె మాత్రం ఏడాది తిరక్కుండానే మళ్లీ మొదలుపెట్టింది. కానీ తనే కర్ర పట్టుకుని దుకాణానికి నడిచేది, ఏ పిల్లనూ పంపలేదు. నాకిప్పుడు అరవై దగ్గర పడ్డాయి. గంజాయికి చిక్కిన పిల్లల్ని మా వీధిలో అందరూ బుద్ధిలేని వెధవలని తిడుతుంటే నేను గొంతు కలపలేను. ఆ రోజు నాకు బుద్ధి ఉంది, భయం ఉంది, బాపమ్మ మీద ప్రేమ కూడా ఉంది. అన్నీ ఉండగానే కొరికాను.