కంపెనీకి పంపానన్నాను

చూడటానికి ఇది పెద్ద బరువేమీ కాదు. తెల్లగుడ్డలో కుట్టిన చిన్న పొట్లం, అరచేతిలో ఇమిడిపోతుంది. నా కొట్టులో బల్ల కింది సొరుగులో ముప్పై ఏళ్ళకు పైగా పడి ఉంది. పట్టకారు కోసమో, నూనె బుడ్డి కోసమో రోజూ ఆ సొరుగు లాగేవాణ్ణి. రోజూ అది చేతికి తగిలేది. దాన్ని పక్కకు తోసి నాకు కావలసింది తీసుకునేవాణ్ణి. అలా తోసీ తోసీ అలిసిపోయాను.

మీరెవరో నాకు తెలియదు. నేనెవరో మీకు చెప్పను. అలా అయితేనే ఇది నా నోట్లోంచి ఊడిపడుతుంది. నా భార్యకు కూడా చెప్పలేదు. చెబుదామనుకునేలోపు ఆమె కన్నుమూసింది.

చిలకలూరిపేటలో వాచీలు బాగుచేసే కొట్టు నాది. ఎనభైల నాటి మాట ఇది. లారీలు లేపే దుమ్మూ, మిల్లుల్లోంచి ఎగిరొచ్చే దూది నుసీ వాచీల్లోకి దూరేవి. నాకు చేతినిండా పని. ఆగిపోయిన వాచీ నా చేతిలో పెడితే చాలని ఊళ్ళో పేరుండేది. ఆ పేరు నాకు తలకెక్కింది. ఇంత గర్వం ఉందని అప్పుడు నాకే తెలియదు. తెలిసుంటే ఆపుకునేవాణ్ణా? ఏమో, అదీ నమ్మకంగా చెప్పలేను.

రాహేలమ్మ పొగాకు గ్రేడింగుకు, అంటే ఆకును రకాలుగా వేరుచేసే పనికి, వెళ్ళే మనిషి. నాకంటే పదిహేనేళ్ళు పెద్దది. ఆమె నన్ను మీరు అనేది, నేను ఆమెను నువ్వు అనేవాణ్ణి. అది తప్పని అప్పట్లో తోచనైనా లేదు. ఆమె కూతురు ఎస్తేరుకు పందొమ్మిదేళ్ళుంటాయి. పత్తి గింజలు తీసే జిన్నింగు మిల్లులో పనిచేస్తుండగా కుడిచెయ్యి రోలరులో పడింది. రెండు వేళ్ళు పోయాయి. బొటనవేలు మిగిలింది కానీ కర్రలా బిగిసిపోయింది. రోజూ దాన్ని కదిలిస్తూ ఉండాలని, ఆపితే ఉన్నచోటే బిగిసిపోతుందని, ఆ తర్వాత దేవుడొచ్చినా వంచలేడని ఆసుపత్రిలో డాక్టరమ్మ గట్టిగా చెప్పిందట. పిసకమని రబ్బరు బంతి ఇచ్చారు. నొప్పికి ఓర్చుకోలేక ఆ పిల్ల దాన్ని మంచం కిందికి విసిరేసింది.

అప్పుడొచ్చింది ఆటమిషను. రాహేలమ్మ తమ్ముడు ఓడలో వంటవాడు. జపానులో ఓడ ఆగినప్పుడు కొన్నాడట. చేతిలో పట్టుకుని ఆడే ఆట అది. చిన్న అద్దంలో చెట్టు మీంచి పండ్లు రాలుతుంటాయి, కింద బుట్ట పట్టుకుని ఒక మనిషి ఉంటాడు. కుడివైపు బొత్తాం నొక్కితే అతను కుడికి జరుగుతాడు. పండు బుట్టలో పడితే టిక్కుమని చప్పుడు. ఎస్తేరు ఆ బొత్తాన్ని బొటనవేలితో నొక్కేది. ఆటలో పడి నొప్పి మరిచిపోయేదని తల్లి చెప్పింది. ఇరవై పండ్లతో మొదలుపెట్టి నూటఎనభై దాకా వెళ్ళింది. వేలు సగం వంగింది. అక్కడ ఆటమిషను ఆగిపోయింది. తమ్ముడేమో ఓడెక్కేశాడు, మళ్ళీ ఎప్పుడొస్తాడో తెలియదు.

ఇద్దరూ నా దగ్గరికి తెచ్చారు. రేపు రమ్మన్నాను.

నిజం చెబుతున్నాను, దానికి పెద్ద జబ్బేమీ లేదు. వెనక మూత తీసి చూస్తే సెల్లు కారి రేకుకు చిలుము పట్టింది. గీకి, తుడిచి, వాచీల్లో వేసే సెల్లు కొత్తది వేశాను. అద్దంలో బుట్టమనిషి నిలబడ్డాడు. టిక్కుమంది. అంతే పని. మూత పెట్టేసి ఊరుకుంటే ఈ కథే లేదు.

నేను ఊరుకోలేదు. లోపల ఇంకో నాలుగు మరలు కనిపించాయి. ముళ్ళు లేవు, చక్రాలు లేవు, స్ప్రింగు లేదు, మరి ఆ మనిషి ఎలా కదులుతున్నాడు? నాకు తెలియని యంత్రం ఈ ఊళ్ళోకి వచ్చిందా అని పౌరుషం. మూడు మరలు తేలిగ్గానే వచ్చాయి. నాలుగోది మొండికేసింది. కాస్త బలం పెట్టాను, స్క్రూడ్రైవరు జారింది. అద్దం మూలన సన్నగా చిట్లింది. ఆ పగులులోంచి సిరా ఒలికినట్టు నల్లమచ్చ పాకింది. నేను చూస్తుండగానే బుట్టమనిషిని మింగేసింది.

మర్నాడు తల్లీకూతుళ్ళు వచ్చారు. ఆ మాటలు ఇవాళ్టికీ ఒక్కటి కూడా పొల్లుపోలేదు.

"అయిందా బాబూ?" అంది రాహేలమ్మ.

"ఇది ఇక్కడయ్యే పని కాదమ్మా. కంపెనీకి పంపాలి."

"కంపెనీవాళ్ళయితే చేస్తారులెండి. వాళ్ళ దగ్గర ఎంత పెద్ద మిషన్లున్నాయో," అని ఆమె తేలిగ్గా ఊపిరి పీల్చుకుంది.

ఎస్తేరు మాత్రం నా వంక చూసింది. "లోపల ఏమైందన్నయ్యా?"

"ఏదో తీగె పోయినట్టుంది. మనకు తెలిసే సామాను కాదులే."

అద్దం కిందికి ఉండేలా కాగితంలో చుట్టి, పార్సెలుకు గుడ్డలో కుట్టిపెట్టమని ఇచ్చాను. ఆ పిల్ల దాన్ని కాసేపు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. తర్వాత, "ఒక కాగితం ఇస్తారా? కంపెనీవాళ్ళకి నాలుగు ముక్కలు రాస్తాను," అంది. నా బిల్లు పుస్తకంలోంచి ఒకటి చింపి, పెన్సిలు ఇచ్చాను. గోడవైపు తిరిగి చాలాసేపు రాసింది. ఎడమచేత్తో రాస్తోంది కాబోలు, అందుకే ఆలస్యం అనుకున్నాను. ఈలోగా రాహేలమ్మ ఇంటికెళ్ళి తన పాత తెల్లచీర ముక్క తెచ్చింది. ఉత్తరం, ఆటమిషను లోపల పెట్టి, నా బల్ల మీదే దగ్గరదగ్గరగా కుట్లు వేసి పొట్లం కుట్టింది. వెళ్ళేటప్పుడు దాని మీద చెయ్యి పెట్టి కళ్ళు మూసుకుని ప్రార్థన చేసింది. నేను తల వంచుకుని ఒక పాత గోడగడియారం తుడుస్తున్నాను.

పంపుదామనే అనుకున్నాను. నమ్మండి. ఆ వారమే పొట్లం పట్టుకుని గుంటూరు పెద్ద పోస్టాఫీసుకు వెళ్ళాను. విదేశానికి పార్సెలు కదా, కౌంటరు దగ్గరాయన ఫారం ఇచ్చి, ఏ వస్తువో, ఎందుకు పంపుతున్నారో, రిపేరైతే ఏం పాడయిందో రాయమన్నాడు. పెన్ను పట్టుకుని నిలబడ్డాను. తీగె పోయిందని రాయొచ్చు. కానీ కంపెనీవాళ్ళు విప్పగానే తెలిసిపోతుంది, ఎవరో తెలియనివాడు చెయ్యిపెట్టి అద్దం పగలగొట్టాడని జవాబు రాస్తారు, ఆ జవాబు ఎస్తేరు చదువుతుంది, ఎస్తేరు చదివితే పేట చదివినట్టే. ఫారం మడిచి జేబులో పెట్టుకుని తిరుగు బస్సెక్కాను. ఇవాళ కాకపోతే రేపు, రేపు కాకపోతే ఎల్లుండి అని నాకు నేనే చెప్పుకున్నాను. పొట్లం సొరుగులోకి పోయింది. రాహేలమ్మతో మాత్రం పంపానన్నాను.

ఒకటి అడుగుతాను. అది ఏ డాక్టరు గారిదో, ఏ మిల్లు ఓనరు గారిదో అయి ఉంటే? చెయ్యి జారిందండీ, క్షమించండి అని చేతులు కట్టుకుని చెప్పి ఉండేవాణ్ణి. చెప్పకపోతే వదలరుగా. రాహేలమ్మ వదులుతుందని నాకు తెలుసు. అందుకే చెప్పలేదు. ఈ ముక్క రాయడానికే నాకు ఇన్నేళ్ళు పట్టింది.

రెండు నెలల తర్వాత పొగాకు కంపెనీ గుమాస్తా వాచీ బాగుచేయించుకోవడానికి వచ్చాడు. నవ్వుతూ ఒక సంగతి చెప్పాడు. గ్రేడింగులో రాహేలమ్మ అని ఒకామె ఉందట. రోజూ పొద్దున్నే గేటు దగ్గర నిలబడి, మా అమ్మాయి మిషను బాగయిందా అని అడుగుతుందట. పొగాకు కంపెనీకి ఆటమిషనేమిటని అందరూ పడీపడీ నవ్వుతున్నారట.

నాకు అప్పుడు వెలిగింది. మా వైపు ఆడవాళ్ళకు కంపెనీ అంటే ఒకటే, పొగాకు కంపెనీ. కంపెనీకి వెళ్తున్నాను, కంపెనీ తెరిచారు, కంపెనీ మూశారు, ఇదే వాళ్ళ మాట. నేను కంపెనీకి పంపాలంటే ఆమె తను పనిచేసే చోటికే అనుకుంది. గుమాస్తాతో పాటు నేనూ నవ్వాను. దొంగకు తేలు కుట్టినట్టు నవ్వాను.

ఆ సాయంత్రమే వెళ్ళి, అది కాదమ్మా, జపాను కంపెనీ అని చెప్పొచ్చు. చెబితే ఎన్నాళ్ళు పడుతుంది, రసీదేది అని అడుగుతుంది. చెప్పకపోతేనే నాకు సుఖం. తర్వాత ఆమె కొట్టు ముందు కనబడి, "కంపెనీలో ఎవరూ సరిగ్గా చెప్పట్లేదు బాబూ," అన్నప్పుడు, సీజను పని ఒత్తిడిలో ఉంటారమ్మా, అయ్యాక చూస్తారు అన్నాను. నా నోటితోనే అన్నాను. అద్దం పగలడం చెయ్యి జారి జరిగింది. ఇది చెయ్యి జారి జరగలేదు. సీజను అయిపోయి కంపెనీ మూసేశారు. మళ్ళీ తెరిచేదాకా రాదుగా అంటే, రాదమ్మా అన్నాను. అన్ని నెలలూ ఆ పిల్ల వేలికి పని లేదు. రబ్బరు బంతి మళ్ళీ పట్టమంటే, ఆటమిషను వస్తుందిగా, వచ్చాక ఆడతాను అందట. నేను చెప్పిన మాట మీద కూర్చుంది ఆ పిల్ల.

మరుసటేడు వాళ్ళు బంధువుల దగ్గర బతుకుదామని వేటపాలెం వెళ్ళిపోయారు. ఎస్తేరును నేను మళ్ళీ ఒక్కసారే చూశాను, ఏడెనిమిదేళ్ళ తర్వాత, మా బస్టాండులో. చంకలో బిడ్డ. బస్సు టికెట్టు ఎడమచేత్తో తీసుకుంది. కుడి బొటనవేలు నిటారుగా, మేకులా ఉంది. జీడిపప్పు ఒలిచే పనికి వెళ్తే ఒంటిచేత్తో కుదరదని తిప్పి పంపేశారని మామూలుగా చెప్పింది. బస్సు కదలబోతుండగా కిటికీలోంచి, "వచ్చిందా అన్నయ్యా?" అంది. ఇంకా లేదమ్మా అన్నాను. ఏడెనిమిదేళ్ళకు ఇంకా లేదమ్మా! సిగ్గు లేదు నాకు. ఆమె చిన్నగా నవ్వింది. పిచ్చిపిల్ల, ఇంకా నమ్ముతోంది అనుకున్నాను. ఆ నవ్వును అలాగే అర్థం చేసుకుని ఇన్నేళ్ళు గడిపాను.

పోయిన నెల కొట్టు మూసేశాను. చూపు ఆనడం లేదు. సొరుగులు ఖాళీ చేస్తూ పొట్లం చేతిలోకి తీసుకున్నాను. ఈసారి పక్కకు తోయడానికి చోటు లేదు. బ్లేడుతో రాహేలమ్మ కుట్లు ఒక్కొక్కటే తెంపాను. ఉత్తరం ఉంది. అక్షరాలు వంకరటింకరగా, కొన్నిచోట్ల కాగితం చిరిగేంత ఒత్తి ఉన్నాయి. ఉన్నదున్నట్టు రాస్తున్నాను:

"జపాను కంపెనీ వారికి నమస్కారములు. నా పేరు ఎస్తేరు. నా బొటనవేలు ఇప్పుడు సగం వంగుతున్నది. ఇంకో మూడు నెలలు ఆడితే మొత్తం వంగుతుందని డాక్టరమ్మ అన్నది. వాచీల అన్నయ్య విప్పినప్పుడు అద్దం పగిలింది. కాగితం తీసి నేను చూశాను. ఆయన కావాలని చేయలేదు. భయపడి మాకు చెప్పలేదు. మీరు ఆయన్ని ఏమీ అనవద్దు. త్వరగా బాగుచేసి పంపగలరు. ఇది నేను కుడిచేత్తోనే రాశాను."

ఆ పిల్లకు తెలుసు. నా బల్ల ముందు కూర్చున్నప్పుడే తెలుసు. దేనికి భయపడి గుంటూరులో ఫారం మడిచి జేబులో పెట్టుకున్నానో, ఆ భయానికి అర్థమే లేదు. కంపెనీ అంటే జపానులోదని కూడా తెలుసు. మరి తల్లిని రోజూ ఆ గేటు దగ్గరికి ఎందుకు వెళ్ళనిచ్చింది? పంపానన్న నా మాట నమ్మి, తల్లికి కాస్త ఆశ ఉండనీ అనుకుందా? బస్టాండులో ఆ నవ్వు ఏమిటి? నేను పంపలేదని అప్పటికి తెలుసుకుందా? తెలిసే అడిగిందా? ఎన్నిసార్లు తిప్పి చూసుకున్నా నాకు అంతు పట్టడం లేదు.

వేటపాలెం ఎంతో దూరం కాదు. వెళ్ళి వాకబు చేయొచ్చు. ఇది రాయడం మొదలుపెట్టాక రెండుసార్లు చొక్కా వేసుకున్నాను, రెండుసార్లు విప్పి కొయ్యకు తగిలించాను. ఆమె క్షమిస్తుందేమోనని నా భయం. ఆమె క్షమాపణ ఆ ఉత్తరంలో ముందే ఉంది. దాన్ని నేనే సొరుగులో పెట్టి మూసేశాను. మళ్ళీ వెళ్ళి అడగడానికి నాకేం మొహం ఉంది?

కాబట్టి మీకు చెబుతున్నాను. అద్దం పగలగొట్టింది నేను. ఎస్తేరు ఆటమిషను ఏ కంపెనీకీ పంపలేదు. ఆమె వేలు వంగకపోవడానికి కారణం రోలరు ఒక్కటే కాదు.

చెప్పేశాను. ఇప్పుడు కాస్త కూర్చుంటాను.