ఆ, చెప్పు

మా డాక్టరమ్మ పోయిన సంగతి నాకు ఒక ప్రింటు పనిగా వచ్చింది. పోయిన నెల ఒక పొద్దున షాపు షటర్ సగం లేపానో లేదో, జహీరాబాద్ నుంచి ఆమె అన్న కొడుకు బైకు మీద వచ్చి ఫోను నా చేతిలో పెట్టాడు. "అన్నా, అత్తమ్మ రాత్రి పోయింది. గీ ఫొటో పెద్దగ చేసి లామినేషన్ కొట్టియ్యి. రేపు చర్చిల పెట్టాలె" అన్నాడు. ఫొటోలో ఆమె ఒక బర్రె పక్కన నిలబడి ఉంది. బర్రెను కత్తిరించి ఆమెను మాత్రమే ఉంచమన్నాడు. బర్రె లేకుండా ఆమెను నేనెప్పుడు చూశాను గనక? చివరికి బర్రె చెవి ఒకటి మూలన ఉండనిచ్చాను.

న్యాల్‌కల్ పోయే రోడ్డు మీద, మా ఊరి పశువుల దవాఖానకు ఎదురుగా నాది చిన్న జిరాక్స్ షాపు. ఆధార్ కార్డులు, పాసుపుస్తకాలు, లగ్గం పత్రికలు, ఇదే నా లోకం. ఇంటి దగ్గర ఒక బర్రె, ఒక ఆవు. ఆమె బదిలీ మీద మా ఊరికి వచ్చిన నాటికి నాకు కొత్తగా పెళ్లయింది. ఆడమనిషి పశువుల డాక్టరా అని నవ్వినవాళ్లలో నేనూ ఉన్నాను. వారం తిరగకుండానే ఆమె, కడుపులో అడ్డం తిరిగిన దూడను భుజం దాకా చెయ్యి పెట్టి బయటికి తీసి, చేతులు కడుక్కుని వచ్చి మా షాపు ముందు నిలబడి అల్లం చాయ్ తాగింది. ఆ తర్వాత మేం నవ్వడం మానేశాం.

ఆమె ఫోను ఎత్తితే హలో అనేది కాదు. "ఆ, చెప్పు" అనేది. పై ఆఫీసరు చేసినా ముందు "ఆ, చెప్పు" అనే వచ్చేది, తర్వాత నాలుక కరుచుకుని "చెప్పండి సార్" అని దిద్దుకునేది. అవతల రైతు రొప్పుతూ బర్రె పడ్డదంటే, ఈమె నెమ్మదిగా మూడే ప్రశ్నలు వేసేది. ఎప్పుడు పడ్డది? ఏం తిన్నది? చుట్టుపక్కలోళ్లకు చెప్పినవా? చెప్పలేదంటే మాత్రం ఆ నెమ్మది ఎటుపోయేదో పోయేది. "మందు నేను తెస్త. మాట నువ్వు మొయ్యాలె" అని అరిచేది.

ఇంకో అలవాటు ఉండేది. ఏ పశువుల కొట్టంలోకి పోయినా, బయటికొచ్చాక బకెట్ నీళ్లడిగి బూట్ల అడుగులు రుద్ది రుద్ది కడిగేది. కొత్తల్లో మా ఆడవాళ్లకు అది చాలా కోపం తెప్పించింది. మా ఆవిడైతే ముఖం మీదే అడిగేసింది.

"మా ఇల్లు గంత గలీజుగున్నదా డాక్టరమ్మా?"

"మీ ఇల్లు గలీజని కాదు చెల్లె. మీ ఇంట్ల ఉన్నది అవతలింటికి మోసుకపోవద్దని."

ఇక అసలు సంగతికి వస్తాను. ఒకరోజు ఆమె నాలుగు కాగితాలు తెచ్చి నా టేబుల్ మీద పెట్టింది. "తమ్మీ, గీ పేర్లన్ని తెలుగుల కొట్టియ్యి. దవాఖాన గోడకు అంటిస్త" అంది. చూస్తే దేశాల పేర్లు. అఫ్ఘనిస్తాన్‌తో మొదలై జింబాబ్వే దాకా ఉన్నాయి. టైపు చేస్తూ చేస్తూ విసుగొచ్చి, ఇవన్నీ మన ఊరి గోడకెందుకని అడిగాను. లోకంలోని దేశాలు కలిసి పశువుల ఆరోగ్యం కోసం ఒక సంస్థ పెట్టుకున్నాయనీ, ఇవి అందులో మెంబర్లనీ, మన దేశమూ అందులో ఉందనీ చెప్పింది. ఏ దేశంలోనైనా పశువులకు పెద్ద రోగం వస్తే దాచకుండా మిగతా దేశాలకు చెప్పాలి, మెంబర్‌కు అదే మొదటి పని అంది.

"పాకిస్తాన్ గూడ ఉన్నది గద గిందుల?" అన్నాను.

"ఉన్నది. మనం వాళ్లకు చెప్పాలె, వాళ్లు మనకు చెప్పాలె. రోగం పాస్‌పోర్టు అడుగుతదా?"

"చెప్తే మన మాల్ ఎవ్వరు కొనరు గదమ్మా." నేను వ్యాపారస్తుణ్ణి, నాకు ముందు అదే తోస్తుంది.

"కొనరు. అందుకే చెప్పుడు కష్టం. అల్కగ అయ్యేదైతే దానికి సంఘమెందుకు, మెంబర్‌షిప్ ఎందుకు?"

లిస్టు గోడెక్కింది. మర్నాడు పొద్దున పదింటికల్లా నా షాపు ముందు జాతర. మా వైపు ఒక సంగతుంది. సర్కారు ఆఫీసు గోడ మీద పేర్ల లిస్టు కనిపించిందంటే అది ఏదో ఒకటి వచ్చేవాళ్ల లిస్టే. పింఛనో, ఇల్లో, బర్రెలకు బ్యాంకు లోనో. ఈ లిస్టులో తమ పేర్లు లేవని జనం ఆధార్ జిరాక్సుల కోసం ఎగబడ్డారు. చుట్టరికానికి వచ్చిన రాయికోడ్ పెద్దమనిషి ఒకాయన, మనవడితో లిస్టంతా చదివించుకుని, ఆఖరికి డాక్టరమ్మ మీదికే పోయాడు. "ఎక్కడెక్కడి ఊర్లు ఏసిన్రు గని మా రాయికోడ్ ఎయ్యకపోతిరి. గిదేం న్యాయం?"

ఆమె నవ్వలేదు. నవ్వి ఉంటే ఈ కథ అక్కడితో అయిపోయేది. "ఇండియా ఉన్నది చూడు తాతా. అంటే నువ్వున్నట్టే" అంది.

"మరి నాకెవ్వరు చెప్పలే?"

"గిప్పుడు చెప్తున్న గద."

సాయంత్రం డాక్టరమ్మ షాపుకొచ్చి చాయ్ తాగింది. తర్వాత, "వాళ్లన్నదే కరెక్టు తమ్మీ. దేశం మెంబరైతే సరిపోతదా? రోగం పుట్టేది దేశంల కాదు, మన కొట్టంల. మన ఊరి లిస్టు ఒకటి కొట్టు" అంది. మర్నాడు జనాన్ని కూర్చోబెట్టింది. మెంబరైతే ఏమొస్తది అని అడిగారు. ఏమీ రాదు, మీరే ఇయ్యాలె అంది. ఏం ఇయ్యాలని అడిగితే ఒక్కటే మాట చెప్పింది. "ఖబర్."

సగం మంది అక్కడే లేచిపోయారు. మిగిలినవాళ్లకు పద్ధతి చెప్పింది. పశువుకు అంటురోగం అనుమానం వస్తే ముందు ఆమెకు ఫోను, తర్వాత గేటుకు వేపమండ. ఇంట్లో పిల్లలకు అమ్మవారు పోస్తే గుమ్మానికి వేపమండ కట్టడం మాకు తరతరాల అలవాటు. మండ చూస్తే ఎవరూ లోపలికి రారు, తప్పుగానూ అనుకోరు. దాన్నే ఆమె గుమ్మం నుంచి గేటు దాకా తెచ్చింది. దేశాల లిస్టు పక్కన మా ఊరి లిస్టు అంటించాం. టైపు చేసినవాణ్ణి గనక మొదటి పేరు నాదే వేసుకున్నాను. గోడ అవతలి ఇంటి ముసలమ్మ, మేమంతా అవ్వ అంటాం, ఆమె పేరు చివర్న ఉండేది. ఆమెకు ఒక బర్రె, దాని కింద ఒక దూడ, అంతే ఆస్తి.

తర్వాతి ఏడే మాకు బిడ్డ పుట్టింది. ఇరవై ఒకటో రోజు తొట్టెల, అదే బిడ్డను ఉయ్యాల్లో వేసే వేడుక, పెట్టుకున్నాం. దానికి రెండు రోజుల ముందు పొద్దున చూస్తే మా బర్రె నోటి నుంచి తీగలు తీగలుగా సొంగ. కుంటుతోంది. గాలికుంటు రోగమని, అంటుకునేదని నాకు అర్థమైంది. ఫోను తీశాను, మళ్లీ జేబులో పెట్టాను. గేటుకు వేపమండ కడితే పసిపిల్లలతో వచ్చే చుట్టాలు ఇంట్లో అమ్మవారు పోసిందనుకుని అటునుంచి అటే తిరిగిపోరా? పైగా లిస్టులో మొదటి పేరుగాడి గేటుకే మొదటి మండా? రెండు రోజులే గదా, తొట్టెల కాగానే చెబుదాం అనుకున్నాను. తొట్టెల ఘనంగా అయింది.

మా కొట్టానికీ అవ్వ కొట్టానికీ మధ్య గోడకు ఆనుకుని నీళ్ల గోలెం ఒక్కటే. రెండిళ్ల పశువులూ అందులోనే తాగేవి. రోగం కనబడ్డ నాలుగో రోజు, నేనింకా ఎవరికీ చెప్పకముందే, అవ్వ దూడ నిలబడ్డది నిలబడ్డట్టే కూలి చచ్చిపోయింది. దూడ లేక బర్రె చేపలేదు, పాలు ఎగ్గొట్టింది. అవ్వ దాని వీపు నిమురుతూ కూర్చోవడం గోడ మీద నుంచి చూశాను. ఆ రోజు నా మీద నాకు కలిగిన రోత ఇప్పటికీ పూర్తిగా పోలేదు.

డాక్టరమ్మ వచ్చి దూడను చూసింది. గోలెం చూసింది. అక్కడి నుంచి నేరుగా మా కొట్టంలోకి వచ్చి బర్రె నోరు తెరిచి చూసింది. బయటికొచ్చి బూట్లు చాలాసేపు కడుక్కుంది. మర్నాడు షాపుకొచ్చి, ఊరి లిస్టు తీయమని, నా పేరు పక్కన పెన్సిల్‌తో ఒక మాట రాసింది. 'ఆగింది.'

"నా పేరే కొట్టెయ్యుండ్రి డాక్టరమ్మా" అన్నాను.

"కొట్టెయ్య. దేశాలకు గిట్లనే ఉంటది. ఫలానా రోగం లేని దేశమని ఒక పేరిస్తరు. రోగమొస్తే ఆ పేరు ఆగుతది, దేశం మాత్రం మెంబర్‌గనే ఉంటది. నీది ఆగింది రోగమొచ్చినందుకు కాదు తమ్మీ, చెప్పనందుకు."

"మళ్ల ఎప్పుడు ఇస్తరు?"

"నేనెవర్ని ఇయ్యనీకి? మిగిలిన దేశాలు కూసొని ఒప్పుకోవాలె. నువ్వు గోడ అవతల అడుగు."

ఏటా టీకాల ముందు లిస్టు మాసిపోయిందని కొత్తది ప్రింటు తీయమనేది. ఇచ్చేటప్పుడు "ఉన్నది ఉన్నట్టు కొట్టు" అనేది. అంటే నా పేరు పక్కన ఆ మాట నా వేళ్లతో నేనే కొట్టుకోవాలి. లగ్గం పత్రికల్లో ఊళ్లోవాళ్ల చదువులు పెంచి కొట్టిన వేళ్లివి, ఒక్క మాట వదిలేస్తే అడిగేవాడెవడు? కానీ వదల్లేకపోయాను. ఆమె ప్రింటు చేతిలోకి తీసుకుని పైన మొదటి పేరు దగ్గర ఒక్క క్షణం ఆగి, "మంచిది" అని వెళ్లిపోయేది. ఆ ఒక్క 'మంచిది' కోసమే ఏటా కొట్టానేమో.

కొన్నేళ్లకు పశువుల ఒంటి మీద గడ్డలు లేచే రోగం ఊళ్ల మీద పడింది. మా ఆవు మెడ మీద మొదటి గడ్డ చేతికి తగిలిన నిమిషంలో ఫోను చేశాను. "ఆ, చెప్పు" అంది. చెప్పాను. ఆమె వచ్చేసరికి మండ కట్టేశాను, గోలెం వేరు చేశాను, అవ్వను కేకేసి సంగతి చెప్పాను. ఆవు బతికింది, ఎవరి ఇంటికీ అంటలేదు. ఆమె వెళ్లేటప్పుడు, ఇక ఆ మాట తీసేయమంటారా అని అడిగాను.

"నన్నెందుకు అడుగుతవు? గోడ అవతల అడగమంటి గద."

అవ్వ నాతో మామూలుగానే మాట్లాడేది. కూర పంపేది, మా బిడ్డను చంకనేసుకుని తిప్పేది. దూడ మాట మాత్రం మా మధ్య ఎన్నడూ రాలేదు. ఆవుకు గడ్డలని కేకేసి చెప్పిన నోటికి ఆ ఒక్క సంగతి అడగడం చేతకాలేదు. డాక్టరమ్మ రిటైరై జహీరాబాద్ పోయింది. కొత్త డాక్టరు వచ్చాడు, ఆయనా ఏటా లిస్టు కొట్టమనేవాడు. నేను ఉన్నది ఉన్నట్టే కొట్టేవాణ్ణి.

చర్చిలో ప్రార్థన జరుగుతుంటే మా ఊరివాళ్లు బయట చెప్పుల దగ్గర నిలబడ్డారు. కర్ణాటక వైపు నుంచి కూడా ఇద్దరు ముగ్గురు రైతులు వచ్చారు. లోపలికి రమ్మంటే ఒకాయన, కొట్టంలోంచి నేరుగా వచ్చానని, కాళ్లు కడగనిదే రానని పంపు వెతుక్కుంటూ పోయాడు. నాకు అక్కడ ఏడుపు ఆగలేదు.

తర్వాతి సోమవారం అవ్వ కర్ర పొడుచుకుంటూ నా షాపుకొచ్చి స్టూలు మీద కూర్చుంది.

"డాక్టరమ్మ లిస్టు కొడుతున్నవట గద కొడుకా. నా పేరున్నదా?"

కంప్యూటర్ ఆమె వైపు తిప్పి చివరి పేరు చూపించాను.

"నీదేది?"

పైన వేలు పెట్టాను. ఆమెకు చదువు రాదు. అయినా కళ్లు చికిలించి చూసి, "పక్కకేందో ఉన్నది" అంది.

"'ఆగింది' అని ఉన్నదవ్వా."

"నాకెర్కే. డాక్టరమ్మ ఊరిడిసి పోయేనాడు ఇంటికొచ్చి చెప్పింది. వాడొచ్చి అడుగుతడు, అడిగితే తీసెయ్యమను, అడిగేదాంక నువ్వు మాత్రం అనకు అన్నది. నేను చూస్తనే ఉన్న. నువ్వు అడగకపోతివి. ఆమె పాయె. రేపు నేను గూడ పోతే నువ్వు ఎవర్ని అడుగుతవురా?"

కంప్యూటర్ వదిలేసి ఆమె వైపు తిరిగాను. "అవ్వా, నీ దుడ్డె నా వల్లనే సచ్చిపోయింది. తొట్టెలని రోగం దాసిన. గీ మాట తీసెయ్యనా?"

"తీసెయ్యి. గీ ఒక్క మాటకు గన్నేండ్లు చేస్తివి."

చెరిపే మీట నొక్కాను. 'ది' పోయింది. 'గిం' పోయింది. నా పేరు పక్కన 'ఆ' ఒక్కటే మిగిలింది. వేలు అక్కడ ఆగిపోయింది.

"అయిందా?" అంది అవ్వ.

"అయిందవ్వా."

అట్లాగే ప్రింటు తీసి దవాఖాన గోడకు, దేశాల లిస్టు పక్కన అంటించాను. చూసినవాళ్లు అచ్చుతప్పు అనుకుంటున్నారు. అనుకోనీ. షాపులో కూర్చుని అటు చూసినప్పుడల్లా నాకు మాత్రం, అవతల డాక్టరమ్మ ఫోను ఎత్తినట్టే ఉంటుంది.