కుమారికి నేను పెట్టిన భయం

కొన్నేళ్లుగా ఒక మాట గొంతులో ముల్లులా ఉండిపోయింది. మింగలేను, కక్కలేను. మా ఆయనకి చెప్పలేదు. దేవుడి ముందు నిలబడినా చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెబుతున్నాను.

మేం అబుదాబిలో, మహమ్మద్ బిన్ జాయెద్ సిటీలో ఉంటాం. ఇద్దరం ఉద్యోగాలకి పోతాం. మా కవలల్ని పెంచింది కుమారి. అమలాపురం దగ్గరి పిల్ల. కన్నకూతుర్ని ఊళ్లో తల్లి దగ్గర వదిలి, నేను తీయించిన ఇంటిపని వీసా మీద వచ్చింది. పని తెమిలాక దూరవిద్యలో డిగ్రీ చదివేది. చదివించింది నేనే. "మా కుమారి డిగ్రీ చేస్తోంది" అని స్నేహితుల దగ్గర ఎంత గొప్పలు పోయానో! డిగ్రీ పూర్తయితే చిన్న తరగతులకి అసిస్టెంటు టీచరుగా తీసుకుంటామని మా పిల్లలు చదివే స్కూలు వాళ్లన్నారు. వీసా మార్పిస్తానని అందరి ముందూ మాటిచ్చాను.

సెలవు మీద ఊరెళ్లి పరీక్షలు రాసొచ్చింది. ఒక్క పేపరు పోయింది. బాగానే రాశానని ఏడ్చి, రీవాల్యుయేషన్‌కి పెట్టింది. నెలలు గడిచినా యూనివర్సిటీ ఉలకదు, పలకదు. ఏప్రిల్ దాకా ఆగుతామంది స్కూలు.

నిజం చెప్పనా? ఆ ఆలస్యం నాకు హాయిగా ఉండేది.

ఒక సాయంత్రం చపాతీలు ఒత్తుతూ అడిగింది.

"అమ్మగారూ, మా తమ్ముడు లాయరుగార్ని కలిసాడండీ. హైకోర్టులో రిట్టేత్తే రిజల్టు తొందరగా ఇచ్చేమంటారంటండీ. నేనిక్కడ ఎంబసీలో సంతకం ఎట్టి కాయితం పంపితే సాలంట. ఎయ్యమంటారా?"

వెయ్యమనాలి. ఎందుకంటే ఆ దారి నాకు తెలుసు. మా తమ్ముడి రీవాల్యుయేషన్ ఇలాగే ఆగితే సమాచార హక్కు కింద జవాబుపత్రం నకలు అడిగాం, లాయరు నోటీసు ఇప్పించాం, అప్పటికీ కదలకపోతే రిట్ వేశాం. గడువు పెట్టి తేల్చమంది కోర్టు. తేల్చారు. తర్వాత వాడు దుబాయ్ కూడా వచ్చి వెళ్లాడు, ఎవరూ ఆపలేదు.

"కేసా? పిచ్చిదానా!" అన్నాను. "నీ పేరు మీద కోర్టు కేసుంటే ఎయిర్‌పోర్టులో పాస్‌పోర్టు పెట్టగానే ఆపేస్తారు. కూతుర్ని చూడ్డం ఖలాస్. మీ బావ సంగతి మర్చిపోయావా?"

ఆమె బావ మీద ఇక్కడి కంపెనీ కేసు పెడితే ఎయిర్‌పోర్టులో అలాగే ఆపేశారు. తండ్రి చావుకి కూడా వెళ్లలేకపోయాడు. అది అతని మీద పెట్టిన కేసు, ఇది మన దేశంలో తను వేసుకునే కేసు. నాకు తెలుసు. ఆమెకి తెలియదు. ఆ పుండు ఎక్కడుందో చూసుకుని మరీ అక్కడే పొడిచాను.

"అమ్మో, వద్దండి బాబూ," అంది. చపాతీ మాడిపోయింది.

పిల్లల కోసమే చేశానని చాన్నాళ్లు నన్ను నేను సముదాయించుకున్నాను. కానీ వాళ్లు అప్పటికే బడికి పోతున్నారు, ఇంకో మనిషి దొరికేది, అయినా నేను వండిపెట్టమంటే వండిపెట్టే మనిషి రేపు మెడలో బ్యాడ్జీ వేసుకుని మా పిల్లల బడిలోనే టీచరమ్మగా ఎదురుపడితే నమస్కారం ఎవరు ముందు పెట్టాలి అన్న ఆలోచన నాకు రాలేదని ఎలా చెప్పను? తడిగుడ్డతో గొంతు కోయడం అంటే ఇదేగా?

ఫలితం వేసవి దాటాక వచ్చింది. పాసైంది. స్కూలు అప్పటికే వేరే అమ్మాయిని తీసుకుంది. కుమారి రవ్వలడ్డూలు చేసి మొదటిది నా చేతిలో పెట్టింది. "మీరు ఆపబట్టి కేసుల్లో ఇరుక్కోలేదండీ," అంది. లడ్డూ తిన్నాను. వచ్చే ఏడాది చూద్దాంలే అన్నాను. ఆ వచ్చే ఏడాది ఇంకా రాలేదు.

మొన్న ఆదివారం చర్చి నుంచి సంబరంగా వచ్చింది. వేరే ఇంట్లో పనిచేసే పిల్లకీ రీవాల్యుయేషన్ ఆగిందట. ఆ పిల్ల కోర్టుకి వెళ్తానంటే కుమారే ఆపిందట.

"మా అమ్మగారు సదూకున్నోరు, ఆరికి అన్నీ తెలుసని సెప్పానండీ. మంచి పని సేసానా?"

ఇంకో అవకాశం. నోరు తెరిచాను.

"మంచి పని చేశావు," అన్నాను.

ఇదీ సంగతి. మీరేమనుకున్నా సరే, చెప్పేశాక కాస్త ఊపిరాడుతోంది. కుమారి వంటింట్లో గిన్నెలు కడుగుతోంది. టీ పెట్టమంటారా అని ఇప్పుడే అడిగింది. పెట్టమన్నాను.