అంతర్వేది దాకా ఒక నీళ్ళ క్యాను

దసరా వెళ్ళిన మూడో రోజు పొద్దున చాయ్ తాగుతూ మా బాపు ఒక మాట అడిగాడు. "బిడ్డా, గోదారి సముద్రంల కలిసే జాగ ఈడికెల్లి ఎంత దూరం?" నేను ఫోన్లో చూసి, దగ్గర దగ్గర ఐదు వందల కిలోమీటర్లని చెప్పాను. "కార్ల పోయి రావచ్చునా?" అన్నాడు. అప్పటికే నా చేతిలో కాగితం, పెన్ను ఉన్నాయి. నాకు ప్రయాణం కంటే ప్రయాణానికి వేసుకునే ప్లాను మీదే మక్కువ ఎక్కువ. కరీంనగర్‌లో ఒక గ్రానైట్ ఆఫీసులో నా ఉద్యోగమే అది. ఏ లారీ ఎన్నింటికి క్వారీలో లోడవ్వాలి, ఎన్నింటికి ఖమ్మం దాటాలి, ఎప్పటికి కాకినాడ రేవు చేరాలి అని చూసే పని. ఆఫీసులో నన్ను వెనకాల 'టైం టేబుల్ మేడం' అంటారని నాకు తెలుసు. పదకొండేళ్లుగా రోజూ నోట్లో నానే ఆ కాకినాడను మాత్రం నేను ఒక్కసారీ చూడలేదు. మూడు రోజుల ప్లాను గీశాను. మొదటి రోజు రాజమండ్రి, రెండో రోజు అంతర్వేది, అక్కడి నుంచి తీరం వెంట యానాం మీదుగా కాకినాడ, మూడో రోజు ఉప్పాడ బీచ్ రోడ్డు చూసుకుని వాపసు. అక్టోబరులో ఆ దారికి వెళ్ళాలనుకునేవాళ్ళకు పనికొస్తుందని ఇది రాస్తున్నాను. కానీ బాపు ఎందుకు అడిగాడో చెప్పకుండా దారి ఒక్కటే చెబితే అది సగం మాటే అవుతుంది.

మా బాపు శ్రీరాంపూర్ బొగ్గు బాయిలో ముప్పైయొక్కేళ్లు పంపు నడిపాడు. భూమి లోపల గోడల నుంచి నీళ్ళు ఊరుతూనే ఉంటాయి. వాటిని ఒక గుంటలోకి మళ్ళించి, అక్కడి నుంచి పైకి ఎత్తిపోయాలి. ఒక షిఫ్టు పంపు ఆగితే కింద మనుషులు నిలబడే చోటు ఉండదు. నీళ్ళ సంగతి ఆయనకు తెలిసినంత మా ఇంట్లో ఎవరికీ తెలియదు. పోయిన మే నెలలో మా అవ్వ, అంటే మా అమ్మ, గుండె ఆగి పోయింది. మూడో రోజు చితిలో బొక్కలు ఏరి, ఆ అస్థికలను గోదావరిలో కలపాలి. మంచిర్యాల దగ్గర నది ఎండి ఇసుక తేలింది. ప్లాను నాదే కాబట్టి లక్షెట్టిపేట వైపు ఒక రేవుకు తీసుకుపోయాను. కింద బ్యారేజీ గేట్లు మూసి ఉండడంతో అక్కడ నీళ్ళు మెట్ల దాకా నిండుగా ఉన్నాయి. మెట్ల పక్కనే వ్యాను ఆగుతుంది, పన్నెండింటికల్లా చుట్టాలు భోజనాలకు కూర్చోవచ్చు. బాపు చివరి మెట్టు మీద వంగి, నీళ్ళలో చెయ్యి పెట్టి తీశాడు. "గివి నిలిచిన నీళ్ళు బిడ్డా. ఎటూ పోవు. కాళేశ్వరం పోదాం, ఆడ ప్రాణహిత సన్నగనన్న పారుతది" అన్నాడు.

"ఇంత నిండుగ ఉన్నయి గద బాపు. ఆడికి రెండు గంటలు పడతది. ఎండల అందరు పరేషాన్ అయితున్నరు" అన్నాను నేను. ఆయన కుండ వంచాడు. అవ్వ బొక్కలు మెట్టు కిందనే మునిగాయి. బూడిద మాత్రం పైన ఒక తెట్టులా పరుచుకుని, మేం తిరిగి వ్యాను ఎక్కేదాకా అక్కడే ఉంది. తరువాత బాపు కరీంనగర్ వచ్చి మాతోనే ఉంటున్నాడు. ఐదు నెలల్లో ఒక్కసారైనా ఆ మాట ఎత్తలేదు. తిట్టినా బాగుండేది. చాయ్ తాగుతూ సముద్రం ఎంత దూరమని అడిగినప్పుడు ఆయన ఏం అడుగుతున్నాడో నాకు తెలుసు. తెలియనట్టు ప్లాను రాసుకున్నాను.

బయలుదేరే ముందు ఆదివారం బాపు దోస్తును చూసొస్తానని ఒక్కడే బస్సెక్కి లక్షెట్టిపేట పోయాడు. సాయంత్రం మోకాళ్ళ దాకా తడిసిన ప్యాంటుతో, చేతిలో ఐదు లీటర్ల నీళ్ళ క్యానుతో వచ్చాడు. ఈ వయసులో నీళ్ళల్లోకి దిగుడేంది అని కోప్పడ్డాను. విన్నట్టే తల ఊపి, క్యాను మంచం కింద పెట్టుకున్నాడు.

శుక్రవారం తెల్లవారుజామున ఐదింటికి కదిలాం. కారులో మేమిద్దరమే, నడిపేది నేనే. క్యాను బాపు కాళ్ళ దగ్గర ఉంది. తాగే నీళ్ళు డిక్కీలో పెట్టాను కదా అంటే, "ఉండనీ" అన్నాడు. ఏడింటికి వరంగల్, పదింటికి ఖమ్మం. పొద్దున్నే బయలుదేరితే ఊళ్ళలో ట్రాఫిక్ తగలదు. వరంగల్ దాటాక పత్తి చేలు తెల్లబడుతున్నాయి, వరి కోతకొచ్చింది. సత్తుపల్లి దాటాక రోడ్డు పక్క పామాయిల్ తోటలు మొదలై ఎండ తగ్గుతుంది. రానూపోనూ పెట్రోలు ఏడు వేల దాకా అయింది. అశ్వారావుపేట దగ్గర చాయ్‌కి ఆగాం. ముందు అద్దం నిండా పురుగులు, దుమ్ము. వైపర్ నీళ్ళు అయిపోయాయి. డిక్కీ తెరిచే ఓపిక లేక బాపు సీటు ముందున్న క్యాను తీసుకుని మూత తిప్పాను. బాపు చాయ్ గ్లాసు బల్ల మీద పెట్టేసి, మోకాలు నొప్పి ఉన్న మనిషి అంత వేగంగా ఎలా వచ్చాడో కానీ వచ్చి నా మణికట్టు పట్టుకున్నాడు.

"అవి తుడువనీకి గాదు బిడ్డా."

అప్పుడు చూశాను. క్యాను అడుగున రెండు వేళ్ళ మందం నల్లని బురద ఉంది. ఎక్కడి నీళ్ళని అడిగాను. "ఆ మెట్టు కాడియే" అన్నాడు. వానాకాలంలో గేట్లు ఎత్తారు కదా, ఆ నీళ్ళన్నీ ఎప్పుడో పోయి ఉంటాయి కదా అన్నాను. బాపు క్యాను నా చేతిలోంచి తీసుకుని మూత గట్టిగా బిగించాడు. "మీది నీళ్ళు పోతయి. అడుగుది అడుగునే ఉంటది. బాయిల గుంట ఎన్నిసార్లు ఖాళీ జేసినా అడుగున బురద మిగిలేది. నిలిచిన నీళ్ళు వాటంతట అవి పోవు బిడ్డా, ఎవలన్న ఎత్తిపొయ్యాలె. గదే గదా నేను చేసిన పని." ఆ మాట అనేటప్పుడు ఆయన గొంతులో నిష్ఠూరం లేదు. అందుకే నాకు ఇంకా కష్టమనిపించింది. అద్దం నా చున్నీతోనే తుడిచాను. కొవ్వూరు వంతెన దాటి మూడున్నరకు రాజమండ్రి చేరాం. స్టేషన్ దగ్గర లాడ్జిలో ఏసీ గది పద్దెనిమిది వందలు. బాపు క్యానును మంచం పక్కన పెట్టుకుని పడుకున్నాడు.

శనివారం ఆరున్నరకు బయలుదేరాం. రావులపాలెం పోవడానికి హైవే ఉంది కానీ ధవళేశ్వరం బ్యారేజీ మీదుగా, ఆత్రేయపురం కాలువ గట్టు వెంట పొమ్మని చెబుతాను. దూరం పెద్ద తేడా లేదు, రోడ్డు ఇరుకు, చూపు మాత్రం ఎటు తిప్పినా నీళ్ళే. బ్యారేజీ దాటాక ఒక వారకు ఆపమన్నాడు బాపు. దిగి, వెనక్కి నడిచి, గేట్ల కింద నుంచి తెల్లగా దూకుతున్న నీళ్ళను చాలాసేపు చూశాడు. "ఎత్తే ఉన్నయి" అన్నాడు కారెక్కుతూ. ఆత్రేయపురంలో పూతరేకులు కొన్నాను. రాజోలులో ఒక పాకహోటల్లో పెసరట్టు తిన్నాం, ఇద్దరికీ నూట ఇరవై. అట్టు వేస్తున్న పెద్దావిడ బాపును చూసి, "మొక్కుబడి ఉందాండి? స్వామివారి దర్శనానికేనా?" అని అడిగింది.

"మొక్కు గాదమ్మా. మా ఇంటామెను పంపనీకి వచ్చిన" అన్నాడు బాపు.

ఆమె అట్లకాడ ఆపి నా వైపు చూసింది. నేను రెండు మాటల్లో విషయం చెప్పాను. ఆమె అయ్యో అనలేదు. అట్టు తిరగేస్తూ, "పదకొండు దాటకుండా వెళ్ళిపోండమ్మా. ఆ తర్వాత పోటెక్కుద్ది, గట్టు కాడ ఇసక మునిగిపోద్ది. ఆటు మీదుంటే పెద్దాయన నిలబడ్డానికి బావుంటది" అంది. నేను రెండు రాత్రులు కూర్చుని గీసిన ప్లానులో ఆటుపోట్ల సంగతి లేదు. మీరు వెళ్ళేటప్పుడు అక్కడివాళ్ళను అడిగి, ఆ రోజు ఆటు సమయం తెలుసుకోండి, అది రోజూ మారుతుంది.

అంతర్వేది తొమ్మిదిన్నరకు చేరాం. గుడికి ముందు పోకుండా నేరుగా రేవుకు పోయాం. అన్నాచెల్లెళ్ల గట్టు అని పిలిచే చోట వశిష్ఠ గోదావరి సముద్రంలో కలుస్తుంది. అక్కడి దాకా పడవకు ఇద్దరికీ ఆరు వందలు మాట్లాడుకున్నాం. పడవవాడి పేరు సత్తిబాబు, యాభై దాటి ఉంటాయి, వేట మానేసి యాత్రికులను తిప్పుతున్నాడు. బాపు సముద్రం చూడటం అదే మొదటిసారి. కానీ ఆయన సముద్రాన్ని చూడలేదు. వంగి పడవ పక్కన నీళ్ళనే చూస్తున్నాడు. గట్టు దగ్గర నీళ్ళు రెండు రంగులుగా ఉన్నాయి. ఇటు మట్టి రంగు, అటు ఆకుపచ్చ కలిసిన నీలం, మధ్యలో నురగతో ఒక గీత కదులుతూ ఉంది.

"గీ మట్టి రంగు ఏడిదయ్యా?" అని అడిగాడు బాపు.

"మీ పైదేనండి. ఆషాఢంలో ఎర్రనీరు దిగుద్దండి. అప్పుడు చూడాలి, సముద్రం లోపల రెండు మైళ్ళ దాకా ఎర్రగా ఉంటది. ఇప్పుడిది తేరుకున్నట్టేనండి."

"మీది నీళ్ళు వస్తయి. అడుగుది గూడ వస్తదా?"

సత్తిబాబుకు ప్రశ్న అర్థం కాక నా వైపు చూశాడు. నేను మే నెల సంగతి చెప్పాను. ఎండ, మెట్టు, మూసిన గేట్లు, నా తొందర, ఏదీ దాచకుండా చెప్పాను. ఆ తొందర మాట బయటి మనిషి ముందు అనడం అదే మొదటిసారి. సత్తిబాబు పడవను ఇసుక తిన్నెకు ఆనించి, దిగి, కాళ్ళ కింద మెత్తని నల్లమట్టి చేతిలోకి తీసి బాపుకు చూపించాడు.

"వరదకి అడుగూ పైనా ఉండవండి బాబాయిగారూ. మొత్తం లేపేసి తెచ్చేస్తది. రాకపోతే ఈ మట్టెక్కడిదండి? మొన్న వేసంగిలో ఈ దిబ్బ ఇక్కడ లేదండి."

బాపు ఆ మట్టిని తన చేతిలోకి తీసుకున్నాడు. బొటనవేలితో నలిపి చూశాడు. ముప్పైయొక్కేళ్లు బురదతో పని చేసిన చెయ్యి అది. క్యాను తీసుకుని, పడవ అంచు పట్టుకుని దిగి, మోకాళ్ళ లోతు నీళ్ళల్లో ఆ రంగుల గీత వైపు నాలుగడుగులు వేశాడు. "అట్లయితే వచ్చే ఉంటది" అన్నాడు, మాతో కాదు. నేనూ వెనకే దిగి, మరి క్యాను ఏం చేస్తాడో అనుకున్నాను. మూత తీసి, బురద కలిసేలా ఊపి, సగం మెల్లగా వంచాడు. మిగిలిన సగం నాకు అందించాడు.

"నువ్వు గూడ పొయ్యి బిడ్డా."

నేను అందుకోలేకపోయాను. "ఆ దినం నేను తొందరపెట్టిన బాపు. నువ్వు చెప్పినా ఇనలే" అన్నాను. ఐదు నెలలుగా చెప్పాలనుకున్న మాట అంతే, ఇంకేమీ లేదు. బాపు క్యాను నా వైపు అలాగే పట్టుకుని ఉన్నాడు. "ఎండ గొట్టింది అప్పుడు. అందరు ఆకలి మీదుండిరి. నేను గూడ గట్టిగ అడగలే" అన్నాడు. ఏడుపు ఆగలేదు, ఆపుకోవాలని కూడా అనిపించలేదు. మిగిలినది నేను పోశాను. నల్లగా దిగి, ఒక్క అల రాగానే చెదిరి, కనిపించకుండా పోయింది. బూడిద అప్పుడు ఇలా పోయి ఉంటే ఎంత బాగుండేది అనుకున్నాను. తిరిగి వస్తుంటే బాపు పూతరేకు అడిగి తిన్నాడు, ఒకటి సత్తిబాబు చేతిలో పెట్టాడు.

మధ్యాహ్నం దర్శనం చేసుకుని అమలాపురం, యానాం మీదుగా కాకినాడ చేరేసరికి సాయంత్రమైంది. కొబ్బరితోటల మధ్య దారి మూడున్నర గంటలు పడుతుంది, తొందరపడి లాభం లేదు. రేవు రోడ్డులో లారీల మీద నల్లరాతి దిమ్మెలు చూసి బాపు, "గివి మన దిక్కుయే గద? గివి గూడ గీడికే వచ్చినయి" అన్నాడు. పదకొండేళ్లు ఫోన్లో పంపిన రాళ్ళను మొదటిసారి చేరిన చోట చూశాను. ఆదివారం పొద్దున ఆరింటికి ఉప్పాడ బీచ్ రోడ్డు మీద గంటసేపు నడిచాం. ఒక పక్క అలలు రోడ్డు అంచునే కొడుతుంటాయి, గాలిరోజుల్లో అటు పోకండి. అప్పుడు మాత్రం బాపు సముద్రాన్ని చూశాడు. ఇంత నీళ్ళను ఎత్తిపోసే పంపు ఎవరి దగ్గరా లేదని నవ్వాడు. మే తర్వాత ఆయన నవ్వడం అదే మొదలు.

ఎనిమిదింటికి తిరుగుదారి పట్టాం. ఖాళీ క్యాను బాపు కాళ్ళ దగ్గరే ఉంది, పారేద్దామంటే వద్దన్నాడు. ఇప్పుడు అది మా ఇంట్లో మొక్కలకు నీళ్ళు పోయడానికి వాడుకుంటున్నాడు. నేను లెక్కవేసి చూశాను. ఆ రోజు కాళేశ్వరం పోయి ఉంటే రెండు గంటలు పట్టేది. అవి మిగిలాయని ఆ రోజు మురిసిపోయాను. ఆ మిగిలిన రెండు గంటలు నాకు ఐదు నెలలూ, పన్నెండు వందల కిలోమీటర్లూ అయ్యాయి. అయినా బాపు నాతో సగం పోయించాడు, అది నాకు చాలు. నదీ సముద్రమూ కలిసే చోటు అందంగా ఉంటుంది, తప్పకుండా వెళ్ళండి, అక్టోబరులో గాలి చల్లగా ఉంటుంది. ఈ ప్రయాణం నుంచి నేను ఇవ్వగల సలహా మాత్రం ఒక్కటే. మీ ఇంట్లోనూ ఎప్పుడో ఒకనాడు ఒక కుండతో నదికి పోవాల్సి వస్తుంది. ఆ రోజు ఇంట్లో పెద్ద మనిషి ఇంకొంచెం ముందుకు పోదామంటే, టైం చూడకుండా బండి ముందుకు పోనివ్వండి.