సారు నడక

ఉద్యమం రోజుల్లో రైలురోకో వల్ల మా రైలు జనగామలో మధ్యాహ్నం దాకా కదలలేదు. నా పక్కన నార్వే నుంచి వచ్చిన ముసలాయన కూర్చున్నాడు. ఇద్దరిదీ వచ్చీరాని ఇంగ్లిషే. పట్టాల మీద డప్పులు వింటూ తనవాళ్ల సంగతి చెప్పాడు.

వాళ్లు మంచులో రెయిన్‌డీర్ దుప్పుల మందలు కాచే సామీ తెగవాళ్లట. చలికాలం తోడేలుకో పాట, మే నెలలో పుట్టే దూడలకో పాట, మనిషి మనిషికీ ఓ పాట. బడిలో అలా పాడిందని వాళ్ల నాయనమ్మను పంతులు మూతి మీద కొట్టాడట.

"ఆ పంతులు మంచులో జారుతూ నడిచే తీరును మా ఆడవాళ్లు పాటగా కట్టారు. ఆయన పోయి యాభై ఏళ్లు. ఏటా బడి తెరిచే రోజు గేటు ముందు పాడుతూనే ఉన్నాం."

"ఏంది సార్ గిది?" అన్నందుకు క్లాసంతటి ముందు నా యాసను వెక్కిరించిన లెక్చరర్ గుర్తొచ్చాడు. ఆ ముచ్చటంతా ఎదురుగా కూర్చున్న తొర్రూరు అవ్వకు చెప్పాను.

"మరి కూసున్నవేంది బిడ్డా? డప్పులోళ్లు కిందనే ఉన్నరు. నీ సారు మీద కట్టు పాట!"

దిగాను. సారు చెప్పులీడ్చే నడకను డప్పు మీద వేయించాను.

ఇప్పటికీ మా ఊరి పెళ్లి బరాత్‌లలో పిల్లలు కాళ్లీడుస్తూ ఆ దరువుకు ఎగురుతారు. అది ఎవరి నడకో వాళ్లకు తెలియదు. అడిగినవాడికల్లా నేనే చెప్తాను, ఇంటిపేరుతో సహా.